మామిడికాయతో క్రంబుల్: గుడ్డు లేకుండా ఓవెన్ స్వీటు, సలహాలు కావాలి

శ్రావణి_బెజవాడ | గురువారం, ఉదయం 10:12

అందరికీ నమస్కారం. ఆదివారం మధ్యాహ్నం మా ఆడపడుచు వాళ్లు భోజనానికి వస్తున్నారు. మాతో కలిపి ఎనిమిది మందిమి. వంటంతా మామూలే, స్వీటు మాత్రం ఈసారి ఓవెన్లో చెయ్యాలని పిల్లలు పట్టుబట్టారు. మా అత్తయ్య గారు గుడ్డు తినరు. గుడ్డు తగిలిన గిన్నె కూడా వేరే గట్టు మీద ఉండాలంటారు. అందుకని కేకులూ పుడ్డింగులూ పక్కన పెట్టి క్రంబుల్ దగ్గర ఆగాను. కింద పండు ముక్కలు, పైన పిండీ వెన్నా చక్కెరా కలిపిన పొడి, అంతే కదా. గుడ్డూ లేదు, సోడా కూడా లేదు.

చూసిన చోటల్లా ఆపిల్‌తోనే చెబుతున్నారు. జూన్ నెలలో బెజవాడలో కూర్చుని ఆపిల్ కొనడానికి నాకు మనసొప్పడం లేదు. ఇంట్లో రసాలు ఒక బుట్టెడు ఉన్నాయి, కలెక్టర్ కాయలు కొన్ని, బంగినపల్లి కొన్ని. వీటిలో ఏది పనికొస్తుంది? మైదా తప్పనిసరా, గోధుమపిండి చాలదా? ఇంకో భయం కూడా ఉంది. వెన్నని పిండిలో వేసి చేత్తో నలపాలంటున్నారు, మా వంటింట్లో ఈ ఎండలకి వెన్న బయటపెట్టగానే కారిపోతోంది.

19 లీటర్ల ఓటీజీ (గట్టు మీద పెట్టుకునే చిన్న కరెంటు ఓవెన్), బోరోసిల్ గాజు పళ్లెం ఉన్నాయి. కాటా లేదు, కప్పులే.

---

ఓటీజీ_రావు | గురువారం, ఉదయం 10:40

శ్రావణి గారూ, రసాల జోలికి వెళ్లకండి. అవి జుర్రుకోవడానికే పుట్టాయి. వేడి తగిలితే కండ నీరై పీచు మిగులుతుంది, పైన వేసిన పిండి ఆ రసంలో నాని ముద్దవుతుంది. బంగినపల్లికి పీచు లేదు, ముక్క నిలబడుతుంది, కానీ పండాక పులుపు ఉండదు. పైనా తీపే, కిందా తీపే అయితే రెండు చెంచాలకే మొహం మొత్తుతుంది.

మీ దగ్గర ఉన్నవాటిలో కలెక్టరే దీనికి తగిన కాయ. అదీ బాగా ముగ్గినది కాదు, దోరకాయ. అక్కడక్కడ పసుపు తిరిగి ఇంకా సగం పచ్చగా ఉన్నది చూసుకోండి. కోస్తే కత్తికి గట్టిగా తగలాలి, ముక్క నోట్లో వేసుకుంటే ముందు పులుపు తెలిసి తరవాత తీపి రావాలి. తోతాపురి అని మిగతా ఊళ్లలో అనేది దీన్నే. చిత్తూరు వైపు గుజ్జు ఫ్యాక్టరీలకి లారీల్లో వెళ్లేదీ ఇదే. కోసుకుని తినేవాళ్లు దీన్ని చిన్నచూపు చూస్తారు కానీ వేడి మీద పెట్టే పనికి దీన్ని మించింది లేదు.

---

పొట్టిగరిటె | గురువారం, ఉదయం 11:02

నూజివీడు రసాలు బుట్టెడు ఇంట్లో పెట్టుకుని స్వీటు ఏం చెయ్యాలా అని అడిగిన మనిషిని ఇదే చూడటం. పళ్లు కడిగి పళ్లెంలో పెట్టండి, అందరికీ తలో తువ్వాలు ఇవ్వండి. అయిపోయింది.

---

శ్రావణి_బెజవాడ | గురువారం, ఉదయం 11:20

పొట్టిగరిటె గారూ, అది రోజూ జరుగుతూనే ఉంది. పిల్లల చొక్కాలు చూస్తే తెలుస్తుంది.

రావు గారూ, ధన్యవాదాలండీ. కలెక్టర్ కాయలు దోరగానే ఉన్నాయి, ఆదివారానికి మరీ ముగ్గకుండా ఉంటే చాలు. ఫ్రిజ్‌లో పెట్టేస్తాను. మరి వెన్న సంగతో?

---

లీడ్స్_లలిత | గురువారం, మధ్యాహ్నం 2:35

శ్రావణీ, ఇక్కడ ఇంగ్లండులో ఇది ఆదివారం భోజనం తరవాత ప్రతి ఇంట్లో కనిపించే తిండి, బడి పిల్లల మధ్యాహ్న భోజనంలోనూ ఉంటుంది. కాబట్టి టెన్షన్ పడాల్సిందేమీ లేదు. బరువులో పిండి రెండు వంతులు, వెన్న ఒక వంతు, చక్కెర ఒక వంతు. ఇదొక్కటి గుర్తుంటే మళ్లీ ఎవర్నీ అడగక్కర్లేదు. కాటా లేదన్నావు కాబట్టి కప్పుల్లో చెబుతాను. మైదా కప్పున్నర, చక్కెర అర కప్పు, అమూల్ బటర్ 100 గ్రాముల ప్యాకెట్ ఒకటి పూర్తిగా. కప్పు అంటే 240 మిల్లీలీటర్లది. ఆ పసుపు బటర్‌లో ఉప్పు ఉంటుంది, మళ్లీ వెయ్యకు. తొక్కా టెంకా పోగా ముక్కలు 800 గ్రాములుండాలి. కాయ సైజును బట్టి మూడో నాలుగో పడతాయి. ఎనిమిది మందికి తలో నాలుగైదు చెంచాలు వస్తుంది. విందు భోజనం మీద అంతకన్నా ఎవరూ తినలేరు.

ఇక ఎండ సంగతి. మైదా కొలిచి, కలిపే గిన్నెతో సహా ఫ్రీజర్‌లో అరగంట పెట్టు. బటర్ కూడా అక్కడే. అది రాయిలా అయ్యాక ప్యాకెట్ కాగితం సగం విప్పి, కాగితం ఉన్న వైపు పట్టుకుని, క్యారెట్ తురిమే పీటతో నేరుగా పిండిలోకే తురిమెయ్. మధ్యమధ్యలో తురుము మీద పిండి జల్లుతుంటే అంటుకోదు. తరవాత వేళ్ల కొసలతోనే నలపాలి. అరచేయి తగలనివ్వకు, వేడంతా అక్కడే ఉంటుంది. చిటికెడు పిండి తీసుకోవడం, బొటనవేలితో మిగతా వేళ్ల మీదుగా జార్చడం, గిన్నెలో పడనివ్వడం. తెల్లటి పొడిపిండి కనపడకుండా పోయి, కొంత రవ్వలా, కొంత శనగగింజంత ఉండలుగా తయారైతే ఆపెయ్. అన్నీ ఒకే సైజు అయ్యేదాకా నలిపితే మాత్రం ముద్దే మిగులుతుంది. చక్కెర చివర్లో వేసి ఫోర్కుతో కలుపు. పండు కోసేలోపు మళ్లీ ఫ్రిజ్‌లోకి.

ఇంత చల్లగా ఎందుకంటావా, వెన్న కరగకుండా పిండి రేణువులకి పూతలా పట్టుకుంటే నీరు లోపలికి పోదు, పిండికి జిగురు రాదు. అప్పుడే పైభాగం గుల్లగా వస్తుంది. కరిగిపోయిందా, పైన ఒకే పలకలా గట్టిపడుతుంది.

---

కర్నూలు_కారప్పొడి | గురువారం, మధ్యాహ్నం 3:10

లలిత గారూ, ఇంట్లో చిలికిన వెన్న వాడొచ్చా? మా ఇంట్లో బయటి బటర్ రాదు.

---

ఓటీజీ_రావు | గురువారం, సాయంత్రం 4:05

వెన్న కన్నా నెయ్యి నయం. ఇంట్లో తీసిన వెన్నలో మజ్జిగ నీరు ఎంత ఉందో చెప్పలేం. ఆ నీరు పిండిని తడిపేస్తుంది. అంగడి బటర్‌లో కనీసం 80 శాతం కొవ్వు ఉండాలని నిబంధన ఉంది, నెయ్యిలో ఇంచుమించు అంతా కొవ్వే. అందుకని 100 గ్రాముల బటర్ బదులు 80 గ్రాముల నెయ్యి చాలు. నెయ్యి పేరుకుని ఉండాలి, కరిగింది కాదు. ఉప్పు చిటికెడు మీరే వేసుకోవాలి. నాన్‌ఖటాయీకి పిండి ఎలా పొడిపొడిగా కలుపుతామో తెలుసుగా, దాన్ని ముద్ద చెయ్యకుండా వదిలేస్తే అదే క్రంబుల్ పైపొడి. రుచి కూడా అటువైపే ఉంటుంది. మా ఇంట్లో నేనైతే నెయ్యికే ఓటు.

---

లీడ్స్_లలిత | గురువారం, సాయంత్రం 6:20

నెయ్యితో బాగుంటుంది, ఒప్పుకుంటాను. కానీ వెన్నతో వచ్చే ఆ ఉప్పుతీపి వాసన వేరు. మామిడి పులుపుకి అదే నప్పుతుంది. అమ్మాయి మొదటిసారి చేస్తోంది, బటర్‌తోనే కానివ్వండి.

---

కర్నూలు_కారప్పొడి | గురువారం, సాయంత్రం 6:45

గోధుమపిండి గురించి ఎవరూ చెప్పలేదు, నేను చెబుతాను. సగం మైదా, సగం గోధుమపిండి వేస్తే రంగు ముదురుగా వస్తుంది, వేయించిన వాసన వస్తుంది, బాగుంటుంది. మొత్తం గోధుమపిండే అయితే నోట్లో కాస్త పిండిపిండిగా తగులుతుంది. దానికి మందు బొంబాయి రవ్వ. రెండు మూడు చెంచాల రవ్వ వేస్తే కరకర వస్తుంది. జొన్నపిండితో కూడా చేస్తాం మేము. దానికి గ్లూటెన్ అనే సాగే జిగురు లేదు కాబట్టి ఎంత నలిపినా సాగదు, భయపడక్కర్లేదు. బాదం పొడి కొంచెం కలిపితే విడివిడిగా రాలిపోకుండా ఉంటుంది.

---

డాలస్_దొర | గురువారం, రాత్రి 8:30

ఓట్స్ మాట ఎవరూ ఎత్తలేదేం? మా అమెరికాలో ఓట్స్ లేకపోతే దాన్ని మనిషి చేసిన వంటగా చూడరు. పిండిలో మూడో వంతు తీసేసి ఆ మేరకు ఓట్స్, పైగా పెకాన్ పప్పులు. ఆపిల్ క్రిస్ప్ అంటాం.

---

లీడ్స్_లలిత | గురువారం, రాత్రి 11:15

దొర గారూ, మీది క్రిస్ప్, మాది క్రంబుల్. ఇక్కడా ఓట్స్ వేసేవాళ్లు బోలెడుమంది, కానీ మా వీధిలో పెద్దావిడలు చూస్తే ఊరుకోరు. వాళ్ల అమ్మలది రేషన్ కాలపు చేయి. ఇక్కడ రెండో ప్రపంచయుద్ధంలో 1940 జనవరిలో మొదలైన ఆహార రేషన్ పూర్తిగా పోయింది 1954లో. చాలాకాలం మనిషికి వారానికి బటర్ రెండు ఔన్సులే, అంటే 60 గ్రాముల లోపే. ఆపిల్ పై (pie) అనే వంటకానికి కిందా మీదా రెండు పొరల పేస్ట్రీ చేసే వెన్న ఎక్కడిది? పైన ఇంత పొడి జల్లితే సరిపోయే క్రంబుల్ ఆ రోజుల్లో ఇల్లిల్లూ పాకింది. పండుకి లోటు లేదు, పెరట్లో ఆపిల్ చెట్టు, దారి పక్క బ్లాక్‌బెర్రీ కంచెలు.

ఆ ఆపిల్ కూడా మనం తినేది కాదు. బ్రామ్లీ అని ఆకుపచ్చగా, లావుగా ఉంటుంది. పచ్చిది కొరికితే పళ్లు జివ్వుమంటాయి. నాటింగ్‌హామ్‌షైర్‌లోని సౌత్‌వెల్‌లో 1809లో ఒక చిన్నపిల్ల నాటిన గింజ నుంచి వచ్చిన చెట్టది. తరవాత ఆ ఇల్లు కొన్న కసాయి ఆయన పేరే కాయకి వచ్చింది, పాపం ఆ పిల్ల పేరు రాలేదు. ఉడికితే నురగలా విడిపోతుంది, పులుపు మాత్రం నిలుస్తుంది. శ్రావణి కలెక్టర్ కాయ తీసుకోవడం అందుకే నాకు నచ్చింది. మన ఊళ్లో దొరికే ఎర్ర ఆపిల్‌తో చేస్తే ఈ పని జరగదు. అది ఉత్త తీపి. ఆపిలే కావాలంటే పచ్చ గ్రానీ స్మిత్ తెచ్చుకోవాలి.

---

డాలస్_దొర | శుక్రవారం, ఉదయం 5:50

అక్కా, 1920ల నాటి అమెరికా వంట పుస్తకాల్లోనే ఆపిల్ క్రిస్ప్ ఉంది. మీ యుద్ధం కన్నా ముందే తినేశాం. చరిత్రలో మీకు రెండో స్థానం, ఓట్స్‌లో కూడా.

---

పొట్టిగరిటె | శుక్రవారం, ఉదయం 7:15

ఇంగ్లండు వాళ్లు అమెరికా వాళ్లు కొట్టుకోనీ. శ్రావణి గారూ, రసాలు మిగిలితే అడ్రస్ చెబుతాను.

---

మిరపకాయ్_బజ్జీ | శుక్రవారం, ఉదయం 9:00

అసలు ప్రశ్న నీటిది. పండుని ముందే చక్కెర వేసి పొయ్యి మీద ఉడికించి, రసం దగ్గరపడ్డాక పళ్లెంలో పరిచి, పైన పొడి వేసి కాల్చాలి. పచ్చి ముక్కలు అలాగే పెడితే అడుగున చారు తయారవుతుంది. నేను ఎప్పుడూ ఉడికించే పెడతాను.

---

ఓటీజీ_రావు | శుక్రవారం, ఉదయం 9:25

బజ్జీ గారూ, అనాసకైతే మీరు చెప్పిందే రైటు. అరకు వైపు నుంచి వచ్చే అనాసలో రసం ఎక్కువ, ముక్కలు మూకుట్లో వేసి నీరు ఇగిరేదాకా తిప్పాల్సిందే. లంబసింగిలో చలికాలం పండే స్ట్రాబెర్రీలకీ అంతే. దోర మామిడిని మాత్రం ముందే ఉడికిస్తే ఓవెన్లో అది రెండోసారి ఉడికి జామ్ అయిపోతుంది. ముక్క ముక్కగా తెలియాలి కదా. అంగుళం ముక్కలు కోసి, మూడు చెంచాల చక్కెర, ఒక పెద్ద చెంచా మొక్కజొన్న పిండి (తెల్లటి కార్న్‌ఫ్లోర్), చిటికెడు శొంఠి కలిపి పళ్లెంలో వెయ్యడమే. కస్టర్డ్ పొడి ఉంటే మొక్కజొన్న పిండి బదులు అదే వేసినా పని జరుగుతుంది, దానిలో ఉండేదీ అదే. యాలకులు వద్దు. యాలకులు వేశారంటే అత్తయ్య గారు ఇది మామిడి హల్వా అనుకుంటారు.

మొక్కజొన్న పిండి చిక్కబడాలంటే రసం మరగాలి. చాలామంది పైన బంగారు రంగు రాగానే తీసేస్తారు, లోపల రసం అప్పటికి వేడెక్కి ఉంటుందంతే. అందుకే అడుగున నీళ్లు. ఓటీజీలో పై రాడ్ దగ్గరగా ఉంటుంది కాబట్టి ఈ తంటా ఎక్కువ. పళ్లెం కింది అరలో పెట్టండి. పది నిమిషాలు ముందు వేడి చేసి, రెండు రాడ్లూ వేసి, 180 డిగ్రీల్లో 40 నిమిషాలు అనుకోండి. 25 నిమిషాలకే పైన ఎర్రబడితే ఫాయిల్ కాగితం వదులుగా కప్పండి. గడియారం కన్నా అంచులు చూడటం ముఖ్యం. పళ్లెం అంచుల వెంట రసం పైకి పొంగి, పెద్ద బుడగలు నిదానంగా పగులుతుంటే అయినట్టు. చిన్న బుడగలు గబగబా వస్తుంటే ఇంకా పల్చగానే ఉందని.

పొడిని చేత్తో అదమకండి, జల్లి వదిలేయండి. ఆవిరి బయటికి పోవడానికి సందులుండాలి.

---

మిరపకాయ్_బజ్జీ | శుక్రవారం, ఉదయం 9:50

మీ ఓవెన్ మీ ఇష్టం. నేను ఉడికించే పెడతాను.

---

సుజాత_వరంగల్ | శుక్రవారం, ఉదయం 11:30

ఓవెన్ లేనివాళ్ల సంగతేంది? కుక్కర్‌లో ఉప్పు పోసి కేక్ చేస్తం కదా, అట్ల ఇది అయితదా?

---

ఓటీజీ_రావు | శుక్రవారం, మధ్యాహ్నం 12:10

సుజాత గారూ, గ్యాస్కెట్టూ విజిలూ తీసేసి, అడుగున ఉప్పు పోసి, స్టాండు మీద పెడితే పండు చక్కగా ఉడుకుతుంది. చిక్కు పైభాగంతో. కుక్కర్‌లో వేడి కింది నుంచే వస్తుంది, మూత కింద ఆవిరి చేరుతుంది, పొడి ఎర్రబడకుండా తెల్లగా మెత్తబడిపోతుంది. కేకుకి అది ఫరవాలేదు, దీనికి కుదరదు.

మీరు రెండూ వేరువేరుగా చెయ్యండి. పండు ముక్కలు గిన్నెలో వేసి పొయ్యి మీద దగ్గరికి రానివ్వండి. పైపొడిని మందపాటి మూకుట్లో వేసి, సన్నని సెగ మీద, గరిటెతో ఎత్తి పోస్తూ పావుగంట వేయించండి. చక్కెర అప్పుడే వెయ్యకండి, పాకం కట్టి అంటుకుంటుంది. రంగు తిరిగాక దించి, కాస్త ఆరాక చక్కెర కలపండి. తినే ముందు పండు మీద జల్లుకోవడమే. మామూలు మైక్రోవేవ్ ఉన్నా ఇదే దారి. కన్వెక్షన్ ఉన్నదైతే ఓవెన్ లాగే వాడుకోవచ్చు, ఫ్యాన్ గాలికి త్వరగా ఎర్రబడుతుంది కాబట్టి 170 డిగ్రీలు చాలు.

---

సుజాత_వరంగల్ | శుక్రవారం, మధ్యాహ్నం 12:25

మూకుట్ల వేయించుడు మంచిగుంది. మా దగ్గర జామకాయలున్నయ్, వాటితోని చేస్త.

---

కర్నూలు_కారప్పొడి | శుక్రవారం, మధ్యాహ్నం 12:40

జామ అయితే గింజల భాగం చెంచాతో తీసెయ్యండి సుజాత గారూ, వేడికి గింజలు ఇంకా గట్టిపడినట్టు తగులుతాయి. నిమ్మకాయ సగం పిండండి.

---

చార్మినార్_చాయ్ | శుక్రవారం, మధ్యాహ్నం 1:45

హైదరాబాద్ వాళ్లు ఇంత సేపు ఖుబానీ ఊసెత్తకపోవడం అన్యాయం. పెళ్లిళ్లలో ఖుబానీ కా మీఠా తింటాం కదా, అదే ఎండు ఆప్రికాట్లు రాత్రి నానబెట్టి, గింజ తీసి, ఆ నీళ్లలోనే మెత్తగా ఉడికించి క్రంబుల్ కింద పరిస్తే వేరే లెవెల్. వాటి పులుపు వాటికే ఉంటుంది, చక్కెర రెండు చెంచాలు వేస్తే చాలు. గింజలు పారెయ్యకండి, రాయితో కొట్టి లోపలి పప్పు తీసి పైన జల్లండి. బాదం పప్పులా తియ్యగా ఉంటేనే. చేదు తగిలితే మాత్రం అన్నీ పారెయ్యాలి, చేదు పప్పు ఒంటికి మంచిది కాదు.

పైపొడికి నేను ఉస్మానియా బిస్కెట్లు నలిపి వేస్తాను. వెన్న, పాలు, ఉప్పు, అన్నీ వాడే వేసి ఇచ్చాడు, మనం నలపడమే పని.

---

లీడ్స్_లలిత | శుక్రవారం, మధ్యాహ్నం 3:00

ఖుబానీ ఆలోచన బంగారం. ఈ శీతాకాలం నేను చేస్తాను. బిస్కెట్ల విషయంలో ఒక్క మాట. అవి అప్పటికే కాలినవి, 40 నిమిషాలు ఓవెన్లో ఉంటే మాడతాయి. పండు ఉడికాక చివరి పది నిమిషాలకి వెయ్యాలి.

---

చార్మినార్_చాయ్ | శుక్రవారం, మధ్యాహ్నం 3:12

అవునండీ, నేనూ చివర్లోనే వేస్తాను. చెప్పడం మరిచా.

---

పల్నాటి_బాబాయ్ | శుక్రవారం, సాయంత్రం 5:40

నాకు షుగరు ఉంది. మా కోడలు బెల్లంతో చేసి పెడతానంటోంది. బెల్లమైతే తినొచ్చని దాని వాదన. మీరంతా ఏమంటారు?

---

ఓటీజీ_రావు | శుక్రవారం, సాయంత్రం 6:15

బాబాయ్ గారూ, రక్తంలోకి వెళ్లాక బెల్లమైనా చక్కెరైనా ఒకటే, కింద మామిడి, పైన మైదా కూడా అదే దారి. కోడలు గారి ప్రేమ కాదనకుండా రెండు చెంచాలు రుచి చూడండి, ఎంత తినాలన్నది మీ డాక్టరు గారిని అడగండి. వంట మటుకు చూస్తే, పైపొడిలో మొత్తం బెల్లం వద్దు. దానికి తేమ ఎక్కువ, కరిగి జిగటగా అవుతుంది, త్వరగా నల్లబడుతుంది. కిందున్న పండులో వేస్తే మాత్రం పచ్చి మామిడికి బెల్లం కలిసినట్టు ఇంకేదీ కలవదు.

---

పల్నాటి_బాబాయ్ | శుక్రవారం, సాయంత్రం 6:30

రెండు చెంచాలా! సరే, అలాగే.

---

శ్రావణి_బెజవాడ | శనివారం, ఉదయం 8:20

మీ అందరికీ ఎలా థాంక్స్ చెప్పాలో తెలియడం లేదు. అన్నీ కాగితం మీద రాసుకున్నాను. రెండు చిన్న ప్రశ్నలు మిగిలాయి. గాజు పళ్లెంలో అన్నీ ఇవాళే సర్ది ఫ్రిజ్‌లో పెట్టి రేపు నేరుగా ఓవెన్లోకి తోసేయొచ్చా? పక్కన ఐస్‌క్రీమ్ ఇవ్వాలా, ఇంకేదైనా బాగుంటుందా?

---

లీడ్స్_లలిత | శనివారం, మధ్యాహ్నం 1:30

తోసెయ్యకు తల్లీ, ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు వేడి ఓవెన్లోకి వెళితే పగలొచ్చు. పైపొడి మాత్రం ఇవాళే చేసి డబ్బాలో పెట్టుకో, రేపటికి ఇంకా బాగా గట్టిపడుతుంది. పండు రేపే కోసి పళ్లెంలో వేసుకో. బయటికి తీసేటప్పుడు కూడా తడి గ్రానైట్ గట్టు మీద పెట్టకు, మడిచిన పొడి గుడ్డ మీద పెట్టు. గాజు లేనివాళ్లు స్టీలు గిన్నె వాడుకోవచ్చు. అల్యూమినియం కేకు గిన్నె మాత్రం వద్దు, మామిడి పులుపుకి లోహపు రుచి దిగుతుంది.

పక్కన కస్టర్డ్ పోసుకోవడం ఇక్కడి పద్ధతి. కస్టర్డ్ అంటే అసలు గుడ్డు పచ్చసొనతో చేసేదే. బర్మింగ్‌హామ్‌లో ఆల్‌ఫ్రెడ్ బర్డ్ అనే మందుల వ్యాపారి భార్యకి గుడ్డు పడేది కాదట. ఆమె కోసం 1837లో ఆయన గుడ్డు లేకుండా మొక్కజొన్న పిండితో చేసిన పొడే మన పెళ్లిళ్ల ఫ్రూట్ సలాడ్ దాకా వచ్చింది. కాబట్టి మీ అత్తయ్య గారికి ఏ అభ్యంతరమూ ఉండదు. అర లీటరు పాలకి రెండు పెద్ద చెంచాల పొడి, ముందు చల్లటి పాలలో కలిపి అప్పుడు మరిగే పాలలో పొయ్యి. గరిటె జారుగా ఉండాలి, ఫ్రూట్ సలాడ్ అంత చిక్కగా వద్దు. ఐస్‌క్రీమ్ పెడితే మాత్రం ప్యాకెట్ మీద గోధుమరంగు గుర్తా ఆకుపచ్చ గుర్తా చూసుకో, కొన్నిటిలో గుడ్డు వేస్తారు.

---

మిరపకాయ్_బజ్జీ | శనివారం, మధ్యాహ్నం 2:15

మధ్యలో కరెంటు పోతే ఓవెన్ తలుపు తియ్యకండి. లోపలి వేడికి అది ఉడుకుతూనే ఉంటుంది, వచ్చాక ఇంకో పది నిమిషాలు కలుపుకోండి. అన్నట్టు, ముక్కలు ఇప్పటికైనా ఉడికించే పెట్టండి.

---

శ్రావణి_బెజవాడ | ఆదివారం, సాయంత్రం 6:50

అయిపోయింది, పళ్లెం ఖాళీ! ఉడికించకుండా పచ్చి ముక్కలే పెట్టాను, బజ్జీ గారు ఏమీ అనుకోవద్దు. పైన గుల్లగా, అంచుల్లో రసం పాకంలా పట్టి, ఆ అంచు ముక్కల కోసం పిల్లలు కొట్టుకున్నారు. ఓటీజీ వెనకవైపు వేడి ఎక్కువ అనుకుంటాను, అటు పక్క కాస్త ముదురు రంగు వచ్చింది. ఇరవై నిమిషాలు దాటాక పళ్లెం తిప్పితే సరిపోయేది. తీసిన వెంటనే వడ్డించిన మా ఆడపడుచు గిన్నెలో రసం కొంచెం జారుగా ఉంది. పావుగంట ఆగి తిన్నవాళ్లకి మాత్రం చక్కగా చిక్కబడింది.

అత్తయ్య గారు కస్టర్డ్ పక్కకి నెట్టి, పొద్దున తీసిన మీగడ వేసుకుని తిన్నారు. ఇంకాస్త పులుపుండాల్సింది, పచ్చికాయ ఒకటి కలపాల్సిందన్నారు. గుడ్డు లేదని మూడుసార్లు అడిగి తెలుసుకున్నాక రెండోసారి వేయించుకున్నారు.

---

లీడ్స్_లలిత | ఆదివారం, రాత్రి 8:10

మీగడా! నాకు తట్టనే లేదు. ఇక్కడ చిక్కటి క్రీమ్ పోసుకుంటారు, మీగడ దానికి అక్క. అత్తయ్య గారికి నా నమస్కారాలు చెప్పు.

---

సుజాత_వరంగల్ | ఆదివారం, రాత్రి 9:05

నేను కూడ చేసిన, జామకాయతోని. మూకుట్ల వేయించిన పొడి మస్తు మిగిలింది. ఎన్ని దినాలు ఉంటది?

---

ఓటీజీ_రావు | సోమవారం, ఉదయం 7:30

వేయించింది కాబట్టి పూర్తిగా ఆరాక గాలి చొరని డబ్బాలో వేసి ఫ్రిజ్‌లో పెట్టండి, వారం ఉంటుంది. వేయించని పచ్చిపొడి అయితే ఫ్రీజర్‌లో రెండు మూడు నెలలు పెట్టుకోవచ్చు, కరగనివ్వకుండా గడ్డగా ఉన్నది ఉన్నట్టే పండు మీద జల్లి ఓవెన్లో పెట్టడమే. శ్రావణి గారూ, ఈసారి మీరూ రెండింతలు కలిపి సగం ఫ్రీజర్‌లో దాచండి. కలెక్టర్ కాయలు జూలైలో కూడా దొరుకుతాయి.

---

పొట్టిగరిటె | సోమవారం, ఉదయం 7:42

రసాలు మిగిలాయా లేదా, ఎవరూ చెప్పరేం?